బెంగళూరులో ఉంటూ తెలుగు సినిమా నిర్మాతగా బతకొచ్చా? ఉద్యోగం మానేయాలా, వద్దా?

మారతహళ్లి_మధు
సూటిగా అడుగుతున్నా. నేను వైట్‌ఫీల్డ్‌లో ఒక ఐటీ కంపెనీలో ప్రోగ్రామ్ మేనేజర్‌ని. కాలేజీ నుంచి నాతో ఉన్న స్నేహితుడు ఒక కథ రాసుకున్నాడు. మదనపల్లె టమాటా మార్కెట్‌లో ఒక మండీ గుమస్తా, అతని కూతురు, మధ్యలో ఒక లారీ లోడు. చదివితే నాకు నిద్రపట్టలేదు, అంత బాగుంది. వాడే డైరెక్టర్. బడ్జెట్ 60 లక్షలు అంటున్నాడు. హొసకోటె దగ్గరున్న నా ప్లాటు అమ్మితే సగం వస్తుంది. మిగతా సగం ఆఫీసులో పది పదిహేను మంది తలా కొంత వేస్తామంటున్నారు.

నా బాధ ఏంటంటే, ఎవరిని అడిగినా రెండే జవాబులు. "డబ్బు ఎక్కువైందా?" లేదా "నాకో వేషం ఉందా?" నిర్మాత పొద్దున లేచి ఏం పని చేస్తాడు, అతని ఇల్లు దేంతో గడుస్తుంది, ఒక సినిమా తర్వాత ఇంకో సినిమా ఎలా తీస్తాడు, ఇవి ఎవరూ చెప్పరు. దర్శకత్వానికి, కెమెరాకి కోర్సులున్నాయి, దీనికేమో "అనుభవం మీద వస్తుంది" అంటారు. ఒక్క సినిమా సరదా కాదు నాది. దీన్నే వృత్తిగా చేసుకోవాలని ఉంది. చేసినవాళ్లు, దగ్గర్నుంచి చూసినవాళ్లు చెప్పండి.

పీజీ_పెసరట్టు
డబ్బు ఎక్కువైందా అని నేను అడగను. నాకో వేషం ఉందా?

మారతహళ్లి_మధు
ఉంది. టమాటా బుట్ట.

హిందూపురం_టూరింగ్
మా మేనమామకి ఊళ్లో ఒక థియేటర్ ఉంది, చిన్నప్పటి నుంచి టికెట్ బుకింగ్‌లో కూర్చున్నవాణ్ని. నిర్మాత పక్క నుంచి నాకు తెలీదు గానీ డబ్బు తిరిగొచ్చే పక్క తెలుసు. ఒక లెక్క వేసుకోండి.

మీ సినిమా బెంగళూరు మల్టీప్లెక్స్‌లో 200 టికెట్‌కి ఆడిందనుకుందాం. వంద దాటిన టికెట్ మీద జీఎస్టీ 18 శాతం. అది తీసేస్తే నెట్టు 169. మొదటి వారం థియేటర్‌తో సగం సగం అనుకున్నా మీ వైపుకి 84 చిల్లర. డిస్ట్రిబ్యూటర్ కమిషన్ 15 శాతం అనుకుంటే మీ చేతికి 72. ఇందులోంచే పోస్టర్లు, డిజిటల్ ప్రొజెక్షన్ చార్జీలు, ఆన్‌లైన్ ప్రకటనలు. అవేవీ లెక్కలోకి తీసుకోకుండానే 60 లక్షలు వెనక్కి రావాలంటే 83 వేల మంది పైచిలుకు టికెట్ కొనాలి. తెలిసిన హీరో లేడు, తెలిసిన డైరెక్టర్ లేడు. 83 వేలు.

సింగిల్ స్క్రీన్ కథ ఇంకోలా ఉంటుంది. చిన్న సినిమా అంటే షేర్ మీద వేయరు, వారం రెంటు ముందే కట్టి వేసుకోమంటారు. మా మామ కూడా అంతే చేస్తాడు, నేను తప్పు పట్టను. కరెంటు బిల్లు ప్రేక్షకుల్ని చూసి రాదు కదా.

మారతహళ్లి_మధు
83 వేలా? నేను థియేటర్, ఓటీటీ కలిపి అనుకున్నాను. ఓటీటీలో ఎంతోకొంత వస్తుంది కదా?

మూడు_లక్షల_మురళి
నా పేరే నా కథ. నాలాంటి ఇంకొంతమంది కలిసి ఒక చిన్న సినిమాలో పెట్టాం. "ఓటీటీ వాళ్లతో మాటైపోయింది, సంతకమే బాకీ" అన్నాడు నిర్మాత. లాక్‌డౌన్ సమయంలో వాళ్లు చిన్న సినిమాలు కూడా కొన్నారు, అది చూసి నమ్మాం. మా సినిమా తయారయ్యేసరికి గాలి మారిపోయింది. ముందు థియేటర్లో వేసి రండి, అప్పుడు చూద్దాం అన్నారు. థియేటర్లో వేయడానికి మళ్లీ డబ్బు కావాలి. అది లేదు. సినిమా హార్డ్ డిస్క్‌లో ఉంది. నిర్మాత ఫోన్ ఎత్తుతాడు, చాలా మర్యాదగా మాట్లాడతాడు, అదే ఇంకా మండుతుంది.

మధు గారూ, మీ ఆఫీసువాళ్ల డబ్బు ముట్టుకోకండి. మీ డబ్బు పోతే బాధ. వాళ్ల డబ్బు పోతే క్యాంటీన్‌లో రోజూ మొహాలు చూసుకోవాలి.

కాల్‌షీట్_కామేశ్వరి
మురళి గారి కోపం న్యాయమే. కానీ అసలు ప్రశ్నకి ఇంకా ఎవరూ జవాబు చెప్పలేదు. నేను ఇందిరానగర్‌లో లైన్ ప్రొడ్యూసర్‌ని, అంటే షూటింగ్ ఏర్పాట్లు, ఖర్చులు చూసుకునే మనిషిని. యాడ్ ఫిల్మ్‌లు ఎక్కువ, ఏడాదికో రెండేళ్లకో ఒక సినిమా. తెలుగు, కన్నడ, తమిళం, ఏది వస్తే అది.

నిర్మాత అంటే డబ్బు పెట్టేవాడని మనవాళ్లు ఖాయం చేసేసుకున్నారు. డబ్బు పెట్టేవాడు ఫైనాన్షియర్. నిర్మాత పని వేరు. స్క్రిప్ట్ చేతికి రాగానే బ్రేక్‌డౌన్ చేయాలి. ఏ సీన్‌లో ఎవరు, ఎక్కడ, పగలా రాత్రా, ఎన్ని వాహనాలు, ఎంతమంది జూనియర్ ఆర్టిస్టులు. దాన్నుంచి షెడ్యూల్, షెడ్యూల్ నుంచి బడ్జెట్. మీ స్నేహితుడు 60 లక్షలు అన్నాడే, అది బ్రేక్‌డౌన్ నుంచి వచ్చిందా, మీ ప్లాటు ధర నుంచి వచ్చిందా? కోప్పడకండి, నూటికి తొంభై మంది దగ్గర రెండోదే.

మీ కథే తీసుకుందాం. టమాటా మార్కెట్. వేలంపాట నడుస్తున్నప్పుడు షూట్ చేయాలి, లేకపోతే ఆ కళ రాదు. అంటే మార్కెట్ కమిటీ అనుమతి, మండీ యజమానుల ఒప్పుకోలు, సందులో లారీ అడ్డం పెట్టినందుకు గొడవపడేవాణ్ని బుజ్జగించే మనిషి. సీజన్ దాటితే సరుకు ఉండదు, ఖాళీ షెడ్డు తీస్తారు. ధర పడిపోయిన వారం అక్కడ కెమెరా పెడితే రైతులు తంతారు, తన్నాలి కూడా. ఇవన్నీ ఎవరు ఆలోచిస్తారు? డైరెక్టర్ ఆలోచించడు, అతనికి షాట్ కావాలి. కెమెరామన్‌కి వెలుతురు కావాలి. ఇవన్నీ జరిగేలా చూసి, సాయంత్రం అందరికీ బేటా (రోజువారీ భత్యం) ఇచ్చి, రేపటి డ్రైవర్‌కి ఫోన్ చేసి, అప్పుడు పడుకునేవాడు నిర్మాత.

ఇంకో సంగతి. కొత్తవాళ్లు షూటింగ్ అయిపోయేసరికి డబ్బంతా ఖర్చు పెట్టేస్తారు. ఎడిటింగ్, డీఐ (రంగులు సరిచేయడం), సౌండ్, మిక్సింగ్, సబ్‌టైటిల్స్, డీసీపీ (థియేటర్‌కి పంపే డిజిటల్ కాపీ), సెన్సార్, పబ్లిసిటీ ఇవన్నీ ఇంకా వెనక ఉంటాయి. నా లెక్కలో మీ 60 లక్షల సినిమాని 35లో షూట్ చేయాలి. అందులో అనుకోని ఖర్చులకి పది శాతం పక్కన పెట్టాలి. అలా కుదరకపోతే స్క్రిప్ట్ తగ్గించండి, లారీ లోడుని ఆటో లోడు చేయండి.

పీజీ_పెసరట్టు
ఆటో లోడు అయితే నా బుట్ట ముందు సీట్లో ఉండాలి.

నైట్‌షిఫ్ట్_నీలిమ
కామేశ్వరి గారూ, ఇంత చెప్పారు, ఆ నిర్మాతకి జీతం ఎవరిస్తారు? మధు గారు అడిగింది అదే కదా. అలాగే పనిలో పని, ఆ 60 లక్షల్లో రచయితకి ఎంత రాశారో కూడా చెప్పండి. ఊరికే తెలుసుకుందామని.

కాల్‌షీట్_కామేశ్వరి
జీతం బడ్జెట్‌లో రాసుకోవాలి నీలిమా. ప్రొడ్యూసర్ ఫీజు అని ఒక వరుస. "నా సినిమాకి నేనే ఫీజు ఏంటి" అని సిగ్గుపడి తీసేస్తారు. ఏడాదిన్నర ఒక సినిమా మీద కూర్చుంటే అద్దె ఎవరు కడతారు? చిన్నదైనా రాసుకోండి. అప్పుడే అది ఖర్చు అని మీ కళ్లకి కనబడుతుంది.

నాకు సినిమాలు అన్నం పెట్టవు. యాడ్‌లు పెడతాయి, కంపెనీల వీడియోలు పెడతాయి, బయటి రాష్ట్రాల నుంచి కూర్గ్, హంపి షూటింగ్‌కి వచ్చేవాళ్ల లైన్ ప్రొడక్షన్ పెడుతుంది. వాటితో సిబ్బంది చేతిలో ఉంటారు, కెమెరా అద్దెకిచ్చేవాడు అప్పు పెడతాడు. ఆ పరపతితో సినిమా చేస్తాను. ఇది తెలిసే వచ్చాను కాబట్టి ఏడుపు లేదు.

వడపళని_పాతకాపు
ఈ మాట నాకు నచ్చింది. నేను మద్రాసులో ప్రొడక్షన్ మేనేజర్‌గా చేసి విశ్రాంతి తీసుకున్నవాణ్ని. ఇప్పటికీ వడపళనిలోనే ఉంటున్నా, తెలుగు పరిశ్రమ హైదరాబాద్ వెళ్లిపోయినా నేను వెళ్లలేదు.

స్వతంత్ర నిర్మాత అనేది మీ తరం కనిపెట్టింది కాదు బాబూ. టి.నగర్‌లో చిన్న ఆఫీసు, ఒక ఫోను, ఒక మేనేజరు, స్టూడియో లేదు, థియేటర్ లేదు. అలాంటివాళ్లు ఎంతోమంది. ఒక సినిమా ఆడితే ఇల్లు, రెండోది పోతే ఆ ఇల్లు. నిలబడినవాళ్లని చూడండి. నాగిరెడ్డి గారికి ప్రెస్సు ఉంది, 'చందమామ' ఉంది, వాహినీ స్టూడియో ఉంది. రామానాయుడు గారు 1964లో సురేష్ ప్రొడక్షన్స్ పెట్టి, తర్వాత తర్వాత స్టూడియో, పంపిణీ అన్నీ చేతిలోకి తెచ్చుకున్నారు. సినిమా మీద వచ్చింది మళ్లీ ఒక్క సినిమాలోనే పోసినవాళ్ల పేర్లు మీకు తెలియవు, నాకు తెలుసు.

హిందూపురం అబ్బాయి లెక్క బాగుంది. కానీ లెక్కలతోనే అన్నీ తేలవు. ఏడిద నాగేశ్వరరావు గారు 'శంకరాభరణం' పూర్తిచేస్తే కొనడానికి బయ్యర్లు జంకారు. ముసలాయన, పాటలు, కొట్లాట లేదు అని. 1980 ఫిబ్రవరిలో విడుదలయ్యాక ఏమైందో మీకు చెప్పక్కర్లేదు.

హిందూపురం_టూరింగ్
పాతకాపు గారూ, అది ఒక్కటి చెప్పి వందమంది ప్లాట్లు అమ్మించారు ఈ దేశంలో. బయ్యర్లు జంకిన మిగతా తొంభై తొమ్మిది నిజంగానే ఆడలేదు.

వడపళని_పాతకాపు
అదీ నిజమే. కాదనను.

ఇంకొకటి చెప్పాలి, దీన్ని కొత్తవాళ్లు ఎప్పుడూ గురువారం రాత్రే నేర్చుకుంటారు. మా రోజుల్లో నెగటివ్ ల్యాబ్‌లో ఉండేది. ఫైనాన్షియర్ అప్పు ఇస్తూ ల్యాబ్ లెటర్ తీసుకునేవాడు. నా బాకీ తీరిందని నేను రాసిచ్చేదాకా ప్రింట్లు బయటికి వదలొద్దు అని దాని అర్థం. విడుదల ముందురోజు ఫైనాన్షియర్ ఇంటి గుమ్మంలో నిర్మాత, కారులో డిస్ట్రిబ్యూటర్, ల్యాబ్ దగ్గర ప్రింట్ల కోసం మనుషులు. సేటు గారు నిద్ర లేచేదాకా ఎవరికీ నిద్ర లేదు. ఇప్పుడు నెగటివ్ లేదు. కానీ డీసీపీకి కేడీఎం అని ఒక డిజిటల్ తాళం ఉంది, ఏ థియేటర్‌లో ఏ తేదీ నుంచి ఏ తేదీదాకా తెరుచుకోవాలో అందులో ఉంటుంది. బాకీ తేలకపోతే ఆ తాళం రాదు. "సాంకేతిక కారణాల వల్ల మార్నింగ్ షో రద్దు" అని బోర్డు చూస్తే అందులో సగం సాంకేతికం కాదు.

నూటికి మూడు రూపాయల వడ్డీకి తెచ్చినవాడికి సినిమా నెల ఆలస్యమైతే ఏమవుతుందో లెక్క వేసుకోమనండి. ప్లాటు అమ్మడం దానికంటే మేలు.

మారతహళ్లి_మధు
వడ్డీకి తేను, అది ఖాయం. కానీ ఆఫీసువాళ్ల సంగతి నాకు ఇంకా తేలలేదు. ఇదే బెంగళూరులో కన్నడ దర్శకుడు పవన్ కుమార్ గారు 'లూసియా'కి ప్రేక్షకుల దగ్గరే సుమారు 50 లక్షలు సేకరించి 2013లో విడుదల చేశారు కదా. గుజరాత్‌లో 5 లక్షల మంది పాడిరైతులు తలా 2 రూపాయలు వేసి 1976లో 'మంథన్' తీయించారు. అవి కుదిరితే పదిహేను మంది సహోద్యోగులతో ఎందుకు కుదరదు?

మూడు_లక్షల_మురళి
ఆ రైతు 2 రూపాయలు పోతే పోయాయనుకున్నాడు సార్. మీవాళ్లు తలా రెండు లక్షలు వేస్తున్నారు. ఒకటేనా?

సుచిత్ర_చివరి_వరుస
అదీగాక పవన్ కుమార్ గారికి అప్పటికే ఒక సినిమా చేసిన పేరుంది, బ్లాగు చదివే జనం ఉన్నారు. వాళ్లు డబ్బుతో పాటు టికెట్లు కూడా కొన్నారు. డబ్బు వేసినవాడే మొదటి ప్రచారకర్త, అది అసలు లాభం.

నేను ఇంకో దారి చెప్తా. బనశంకరి సుచిత్ర ఫిల్మ్ సొసైటీలో నాలాంటివాళ్లు చాలామంది ఉన్నారు, ఇలాంటి సినిమాలు వెతుక్కుని చూసేవాళ్లం. గోవాలో ఏటా నవంబర్‌లో ఎన్‌ఎఫ్‌డీసీ (కేంద్ర ప్రభుత్వ సినిమా సంస్థ) ఫిల్మ్ బజార్ జరుగుతుంది, 2007 నుంచి ఉంది, ఇప్పుడు వేవ్స్ ఫిల్మ్ బజార్ అంటున్నారు. తీయబోయే సినిమాకి భాగస్వాముల్ని వెతుక్కునే కో-ప్రొడక్షన్ మార్కెట్, సగంలో ఉన్నవాటికి వర్క్ ఇన్ ప్రోగ్రెస్ ల్యాబ్, పూర్తయిన వాటికి వ్యూయింగ్ రూమ్. విదేశీ ఫెస్టివల్స్ ఎంపికదారులు అక్కడికే వస్తారు. రోటర్‌డామ్ ఫిల్మ్ ఫెస్టివల్ వాళ్ల హ్యూబర్ట్ బాల్స్ ఫండ్ లాంటివి కూడా చూడండి. తెలుగు నుంచి అక్కడికి వెళ్లే సినిమాలే తక్కువ. మరాఠీ, మలయాళం వాళ్లు క్యూ కట్టేస్తారు.

హిందూపురం_టూరింగ్
ఫెస్టివల్‌కి ఎంపికైన గుర్తుగా పోస్టర్ మీద రెండు పక్కలా ఆ ఆకులు వేస్తారు చూడండి, అవి కనబడితే మా ఊళ్లో జనం "ఆర్టు సినిమా అంట" అని పక్క థియేటర్‌కి పోతారు. మామ ఆ ఆకుల మీద వేరే పోస్టర్ అంటించేస్తాడు.

సుచిత్ర_చివరి_వరుస
అన్నా, మీ ఊరి కోసం ఇంకో పోస్టర్ వేసుకోవచ్చు. ఒక సినిమాకి ఒకే ప్రేక్షకుడు ఉండాలని ఎవరన్నారు?

కాల్‌షీట్_కామేశ్వరి
ఫెస్టివల్ కూడా ఖర్చే సుచిత్రా. ఎంట్రీ ఫీజులు, మంచి సబ్‌టైటిల్స్, ప్రయాణం. ఎంపికైతే పేరు వస్తుంది, ఆ పేరుతో రెండో సినిమాకి తలుపు తెరుచుకుంటుంది. మొదటి సినిమా అప్పు తీరదు. అయితే మధు గారు అడిగింది వృత్తి గురించి కాబట్టి, ఆ తలుపుకి విలువ ఉంది. ఒప్పుకుంటా.

ఇంకో ఉదాహరణ గుర్తొచ్చింది. 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం' నిర్మాత ప్రవీణ పరుచూరి గారు అమెరికాలో గుండె డాక్టరు. ఆవిడ డాక్టరీ మానేసి రాలేదు. సినిమా తయారయ్యాక సురేష్ ప్రొడక్షన్స్ ముందుకొచ్చి జనంలోకి తీసుకెళ్లింది. మీరు చదవాల్సింది ఇక్కడ రెండు విషయాలు. ఉద్యోగం ఉంది, విడుదలకి పెద్ద చెయ్యి దొరికింది.

పీజీ_పెసరట్టు
కర్ణాటక ప్రభుత్వం సబ్సిడీ ఇస్తుంది కదా? మధు అన్న ఇక్కడే పన్ను కడుతున్నాడు.

సుచిత్ర_చివరి_వరుస
కన్నడకి, తుళు, కొడవ, కొంకణి లాంటి ఇక్కడి భాషలకి ఇస్తారు. తెలుగు సినిమాకి రాదు. మదనపల్లె కథ కాబట్టి కన్నడ కూడా కొంచెం మాట్లాడించి రెండు భాషల్లో తీద్దామని ఎవరైనా సలహా ఇస్తే పారిపోండి. రెండు భాషల్లోనూ అబద్ధంలా ఉంటుంది.

నోటరీ_నానమ్మ
నేను నానమ్మనీ కాదు, నోటరీనీ కాదు, జయనగర్‌లో లాయర్‌ని. కాగితాల సంగతి ఇంతవరకూ ఒక్కరూ ఎత్తలేదు, అందుకని పెద్ద పోస్ట్.

మొదట ఆఫీసువాళ్ల డబ్బు. "ఇంత వేస్తే ఇంత వడ్డీ, ఫలానా నెలకి అసలు తిరిగిస్తా" అని కనబడ్డవాళ్లందరికీ చెప్పుకుంటూ వసూలు చేస్తే 2019లో వచ్చిన అనియంత్రిత డిపాజిట్ల నిషేధ చట్టం మీ వైపు చూస్తుంది. వాట్సాప్ గ్రూపులో పెట్టడం ఇంకా ప్రమాదం. పదిహేను మందే అయితే ఒక ఎల్‌ఎల్‌పీ (పరిమిత బాధ్యత ఉన్న భాగస్వామ్య సంస్థ) పెట్టండి. వాళ్లంతా భాగస్వాములుగా మూలధనం వేస్తారు. లాభం వస్తే వాటా, నష్టం వస్తే వాళ్ల వాటా మేరకు పోతుంది. ఆ నష్టం మాట ఒప్పందంలో పెద్ద అక్షరాల్లో రాయండి. అది చదివి వెనక్కి తగ్గినవాడి డబ్బు మీకు అసలు వద్దు.

రెండోది. కాపీరైట్ చట్టం ప్రకారం సినిమాకి ఆథర్ నిర్మాతే. అంటే సినిమా తీయడానికి చొరవ, బాధ్యత తీసుకున్నవాడు. డైరెక్టర్లు ఈ మాటకి బాధపడతారు గానీ చట్టం 1994 సవరణ నుంచి అలాగే ఉంది. అయితే కథ, స్క్రీన్‌ప్లే హక్కులు రచయితవి. అవి మీకు రాసిస్తేనే మీవి. ఆ కాగితంలో ఎంతకాలం అని రాయకపోతే సెక్షన్ 19 ప్రకారం 5 ఏళ్లే అనుకుంటారు. ఎక్కడెక్కడ అని రాయకపోతే ఇండియా వరకే. ఆరో ఏట ఎవరో హిందీ రీమేక్ అడిగితే, అమెరికాలో ఓటీటీ అడిగితే, మీ చేతిలో ఏమీ ఉండదు. 2012 సవరణ తర్వాత రచయితలకి, సంగీతం చేసినవాళ్లకి రాయల్టీలో వాటా ఉంది, అది రాసివ్వమన్నా చెల్లదు.

ఓటీటీ వాళ్లు సినిమా చూడకముందు చైన్ ఆఫ్ టైటిల్ అడుగుతారు. ప్లాటు కొన్నప్పుడు లింకు డాక్యుమెంట్లు చూస్తారు కదా, అదే. రచయిత నుంచి, డైరెక్టర్ నుంచి, సంగీతం చేసినవాళ్ల నుంచి, ప్రతి నటుడి నుంచి వరుసగా కాగితం ఉండాలి. నా దగ్గరికి వచ్చిన ఒక సినిమాలో టీ కొట్టు సీన్ ఉంది. వెనక రేడియోలో పాత పాట. ఎవరూ పట్టించుకోలేదు. అమ్మేటప్పుడు పట్టించుకున్నారు. పాట హక్కుల ధర చూసి, ఆ ముక్క సౌండ్ మొత్తం తీసేసి మళ్లీ డబ్బింగ్ చేశారు.

నైట్‌షిఫ్ట్_నీలిమ
"అది రాసివ్వమన్నా చెల్లదు" అన్న వాక్యం ఫ్రేము కట్టించుకుంటా.

ఆడిట్_అప్పారావు
నానమ్మ గారి పోస్ట్‌కి తోక. డబ్బు అంతా బ్యాంకు ద్వారానే. 20,000 లేదా అంతకు మించి అప్పు నగదుగా తీసుకోకూడదు, ఇది సినిమావాళ్లకి ఎంత చెప్పినా వినబడదు. నటులకి, టెక్నీషియన్లకి ఫీజు ఇచ్చేటప్పుడు టీడీఎస్ (ముందుగా పట్టే ఆదాయపు పన్ను) కోయండి. కోయకపోతే రేపు ఆ ఖర్చులో కొంత భాగం మీ లెక్కలో చెల్లదు. జీఎస్టీ నంబరు తీసుకుంటే కెమెరా అద్దె మీద, స్టూడియో బిల్లు మీద కట్టిన పన్ను, రేపు మీరు హక్కులు అమ్మినప్పుడు కట్టాల్సిన దాంట్లో సర్దుకోవచ్చు. బిల్లు లేకుండా చవగ్గా ఇస్తానన్నవాడి దగ్గర ఆ సౌకర్యం పోతుంది, కాబట్టి అది చవక కాదు.

సినిమాకి వేరే బ్యాంకు ఖాతా. మీ జీతం పడే ఖాతాతో కలపొద్దు. మీ ఇంట్లో వాళ్ల మనశ్శాంతి కోసం కూడా.

మారతహళ్లి_మధు
ఇంట్లో సంగతి అడగలేదు ఎవరూ, థాంక్స్. మా ఆవిడ ఒకే మాట అంది. "ప్లాటు నీ పేరు మీద ఉంది, ఈఎంఐ ఇద్దరి పేరు మీద ఉంది."

మూడు_లక్షల_మురళి
ఆవిడని నిర్మాతని చేయండి.

కాల్‌షీట్_కామేశ్వరి
మురళి గారితో మొదటిసారి పూర్తిగా ఏకీభవిస్తున్నా.

వడపళని_పాతకాపు
టైటిల్ రిజిస్టర్ చేయించారా? ఫిల్మ్ ఛాంబర్‌లో మీకంటే ముందు ఎవరైనా పెట్టి ఉంటే పోస్టర్ మీద వేశాక తీయాల్సి వస్తుంది. తెలుగు సినిమా కాబట్టి హైదరాబాద్‌లో ముందు అడగండి. సెన్సార్‌కి మాత్రం హైదరాబాద్ పరిగెత్తక్కర్లేదు, బెంగళూరులోనే ప్రాంతీయ కార్యాలయం ఉంది. లారీకి ఎద్దునో మేకనో అడ్డం పెట్టే సీన్ ఉంటే జంతు సంక్షేమ బోర్డు అనుమతి ముందే తీసుకోండి. షూటింగ్ అయ్యాక గుర్తొస్తే ఆ మేక సీన్‌లో ఉండదు.

పీజీ_పెసరట్టు
టమాటా బుట్టకి అనుమతి కావాలా?

ఆడిట్_అప్పారావు
బుట్టకి టీడీఎస్ కోయాలి.

హిందూపురం_టూరింగ్
ఇంత భయపెట్టాం కాబట్టి ఒక మంచి మాట. బెంగళూరులో తెలుగు సినిమా చూసే జనం తక్కువేం కాదు. మడివాళ, మారతహళ్లి, కేఆర్ పురం పీజీల నుంచి శుక్రవారం వచ్చే గుంపు మా ఊరి గుంపు కంటే పెద్దది. మదనపల్లె, పుంగనూరు, చింతామణి వైపు నుంచి వచ్చినవాళ్లు ఇక్కడ వేలల్లో ఉన్నారు. రెండు రాష్ట్రాలంతా వేయాలని ఆశపడి వంద స్క్రీన్లకి చార్జీలు కట్టి ఖాళీ కుర్చీలకి చూపించకండి. ఆ యాస ఉన్నచోట్ల, బెంగళూరు, మదనపల్లె, తిరుపతి, హిందూపురం, తక్కువ షోలతో మొదలుపెట్టండి. సంక్రాంతికీ దసరాకీ రాకండి, పెద్ద సినిమాలుంటే మీకు స్క్రీన్ ఇచ్చినా ఉదయం తొమ్మిదింటి షో ఇస్తారు. మామతో నేను మాట్లాడతా, రెంటు తగ్గించడు గానీ మ్యాట్నీ ఇస్తాడు.

మారతహళ్లి_మధు
అన్నా, అది చాలు. మ్యాట్నీ ఎవరిస్తారు ఈ రోజుల్లో.

అప్‌డేట్. స్నేహితుడితో కూర్చుని కామేశ్వరి గారు చెప్పినట్టు బ్రేక్‌డౌన్ చేశాం. 60 కాదు, వాడి స్క్రిప్ట్ ఉన్నదున్నట్టు తీస్తే 90 దాటుతోంది. లారీ ఘాట్ రోడ్డు మీద బోల్తా పడే సీన్ ఒక్కటే మొత్తం తినేస్తోంది. బోల్తా పడిన చప్పుడు వినిపించి, రోడ్డు మీద దొర్లే టమాటాలు చూపిస్తే చాలదా అన్నా. మూడు రోజులు మాట్లాడలేదు. తర్వాత వాడే ఫోన్ చేసి "అలా అయితే ఇంకా బాగుంటుందిరా" అన్నాడు. ఇంకా రెండు సీన్లు తగ్గాలి.

ఉద్యోగం మానట్లేదు. షూటింగ్‌కి ఆరు నెలలు జీతం లేని సెలవు అడిగాను, మేనేజర్ ఆలోచిస్తానన్నాడు. ఆఫీసువాళ్లకి నష్టం మాట ముందే చెప్పాను. పదిహేను మందిలో ఆరుగురు మిగిలారు.

ఒప్పందం దగ్గరే ఆగింది. "మన మధ్య కాగితాలేంటి" అని మా వాడు ముఖం ముడుచుకున్నాడు. నానమ్మ గారూ, ఎంతకాలానికి రాయించుకోవాలి? శాశ్వతంగా అంటే వాడు ఇంకా బాధపడతాడేమో.

నోటరీ_నానమ్మ
స్నేహం ఉన్నప్పుడే రాసుకోవాలి, గొడవయ్యాక రాయరు. ఈ సినిమా హక్కులు పూర్తి కాపీరైట్ కాలానికి, ప్రపంచమంతటికీ మీ ఎల్‌ఎల్‌పీకి. సినిమాకి ఆ కాలం విడుదల తర్వాత 60 ఏళ్లు. కానీ రీమేక్, సీక్వెల్, నవలగా వేసుకునే హక్కు విడిగా రాయండి. అక్కడ అతనికి వాటా ఇవ్వండి, సీక్వెల్‌కి మొదట అతన్నే అడగాలని పెట్టండి. ఫీజు ఎంత, ఎప్పుడెప్పుడు అనేది కూడా అదే కాగితంలో. ఉచితంగా రాసిచ్చాడు అనే మాట వద్దు. ఏడాదిలోపు షూటింగ్ మొదలుపెట్టకపోతే కథ తిరిగి అతనికే అని కూడా రాస్తే అతని ముఖం విచ్చుకుంటుంది. అది మీకూ మంచిదే, మీ మేనేజర్ ఆలోచన తొందరగా తేలుతుంది.

మారతహళ్లి_మధు
తిరిగి ఇచ్చే మాట వాడికి నచ్చుతుంది. ఈ శనివారం నమూనా పంపగలరా? ఫీజు చెప్పండి, బ్యాంకు ద్వారానే ఇస్తా.

నైట్‌షిఫ్ట్_నీలిమ
నానమ్మ గారూ, ఆ నమూనా నాకూ కావాలి. నాది అవతలి పక్క. ఒక నిర్మాత నా కథ తీసుకుంటానన్నాడు, రేపు ఒప్పందం పంపుతాడట.

నోటరీ_నానమ్మ
వచ్చింది నాకు పంపండి. అందులో ఎంతకాలానికో రాయడం మర్చిపోయి ఉంటే మీరు గుర్తుచేయకండి.